మంద్రసీమ మాహాత్మ్యం: చప్పుళ్ల లోకానికి ఒక కల్పిత పురాణం రాస్తున్నా, చదివి చెప్పండి

మంద్రస్థాయి | కొత్త సభ్యులు

అందరికీ నమస్కారం. చాలాకాలంగా ఇక్కడ చదువుకుని పోవడమే తప్ప రాసింది తక్కువ. ఇప్పుడొక ఫాంటసీ నవల మొదలుపెట్టాను. మీ సాయం కావాలి.

కథ జరిగే లోకం పేరు మంద్రసీమ. మన దగ్గర మోగి ఆగిపోయిన ప్రతి చప్పుడూ అక్కడికి చేరుతుంది. గుడిగంట, పసిపాప ఏడుపు, పగిలిన కుండ, అన్నీ. అక్కడ వెలుతురన్నదే లేదు. మనుషులు ఒకరినొకరు గొంతును బట్టి, అడుగుల సవ్వడిని బట్టి పోల్చుకుంటారు. వాళ్లకొక పవిత్ర గ్రంథం ఉంది, పేరు మంద్రసీమ మాహాత్మ్యం. రాగిరేకుల మీద చెక్కించి గుడిలో దాచుకున్నారు. నవలలో ప్రతి అధ్యాయానికి ముందు అందులోంచి ఒక ముక్క వెయ్యాలని ఆలోచన. మొదటిది ఇదీ:

"ఆదియందు నిశ్శబ్దము మాత్రమే యుండెను. ఆ నిశ్శబ్దమునుండి మహానాదము ప్రభవించెను. ఆ మహానాదము సప్తస్వరములుగా విభజింపబడెను. సప్తస్వరములనుండి సప్తలోకములు, సప్తసముద్రములు ఉద్భవించెను. వాటికి అధోభాగమున మంద్రసీమ యను దివ్యలోకము శోభిల్లుచుండెను."

నిజంగా పవిత్ర గ్రంథంలా అనిపిస్తోందా? మొహమాటపడకుండా చెప్పండి.

చుక్కలరాత్రి | సీనియర్ సభ్యులు

లోకం నాకు నచ్చింది. గ్రంథం మాత్రం గుడి బయట స్టాల్లో అమ్మే పల్చటి పుస్తకం వెనక అట్టలా ఉంది. వెలుతురే లేని చోట "శోభిల్లడం" ఏంటండీ? ఎవరు చూశారు?

గోదారిగట్టు

మేడమ్, సప్తస్వరాలు శోభిల్లుతాయని త్యాగయ్యే అన్నారు కదా :)

చుక్కలరాత్రి

త్యాగయ్య గారి ఊళ్లో దీపాలున్నాయి.

గోదారిగట్టు

సరే, ఒప్పుకున్నా. త్యాగయ్య మాట వచ్చింది కాబట్టి మంద్రస్థాయి గారికి పనికొచ్చేదొకటి చెబుతా. మీరు కల్పిస్తున్నలాంటి గ్రంథం మన సంప్రదాయంలో ఆల్రెడీ ఒకటుంది. దాని పేరు స్వరార్ణవం. నారదుడు సన్యాసి వేషంలో వచ్చి త్యాగయ్యకు ఆ పుస్తకం ఇచ్చి వెళ్లాడని కథ. ఆయన శంకరాభరణంలో చేసిన "స్వరరాగ సుధారస" కీర్తన చివరి చరణంలో, వెండికొండ మీది శివుడు పార్వతికి చెప్పిన స్వరార్ణవ మర్మాలు తనకు తెలుసని పేరు పెట్టి మరీ పాడుకున్నారు.

ఇందులో నాకు నచ్చేదేంటంటే, ఆ పుస్తకంలో ఏముందో కీర్తన చెప్పదు. ఎవరు ఎవరికి చెప్పారో చెబుతుంది, అంతే. శివుడు, పార్వతి, నారదుడు, తిరువైయ్యారులో త్యాగయ్య ఇల్లు. చేతులు మారిన వరస తెలిస్తే చాలు, లోపలున్నది ఊహించుకుని మనమే చేతులు జోడిస్తాం. మీ ముక్కలో ఆ వరస లేదు. ఎవరు చెబుతున్నారు? ఎవరికి? ఎందుకు చెప్పాల్సి వచ్చింది? చెప్పే సూతుడూ అడిగే శౌనకుడూ లేకుండా ఏ పురాణమూ నోరు విప్పదు.

హెర్ట్జ్_మాస్టారు | ఫిజిక్స్ చెప్పుకునేవాణ్ని

నాకు సాహిత్యం అంతగా తెలియదు. లోకం పేరు విని ఆగిపోయాను. తెలిసే పెట్టారా, అలా కుదిరిందా?

చప్పుడు చచ్చిపోదు. గాలిలో రాపిడికి అరిగి, చివరికి కాస్త వేడిగా మారిపోతుంది. అన్ని చప్పుళ్లూ ఒకేలా అరగవు. కీచుగా ఉండేవి త్వరగా పోతాయి. బొంగురువి చాలా దూరం వెళ్తాయి. పిడుగు పక్కనే పడితే ఫటేలుమంటుంది, అదే పిడుగు పదూళ్ల అవతల పడితే మనకు గుడగుడ మాత్రమే వినిపిస్తుంది. పై స్థాయి దారిలోనే ఖర్చైపోయింది కాబట్టి. అంటే ఆగిపోయిన చప్పుళ్లన్నీ ఒక చోటికి చేరతాయనుకుంటే, అక్కడికి చేరేసరికి మిగిలేది మంద్రమే, అంటే కింది స్థాయే. మీ లోకానికి ఆ పేరు తప్ప ఇంకోటి కుదరదు.

ఇంకోటి. మన చెవికి అందేది సుమారు 20 నుంచి 20,000 హెర్ట్జ్ దాకా. 20 కంటే కింద ఉన్నవాటిని మనం వినలేం, కానీ అవి ఉంటాయి. ఏనుగులు వాటితోనే దూరం నుంచి మాట్లాడుకుంటాయి. 1883 ఆగస్టులో క్రకటోవా అగ్నిపర్వతం పేలినప్పుడు ఆ మోత దాదాపు 4,800 కిలోమీటర్ల అవతల రోడ్రిగ్స్ దీవిలో వినిపించింది. ఫిరంగులు పేలుతున్నాయనుకున్నారు అక్కడివాళ్లు. చెవులకు వినపడటం ఆగాక కూడా ఆ గాలి అల భూమి చుట్టూ పలుమార్లు తిరిగినట్టు వాతావరణ కేంద్రాల్లోని పీడన యంత్రాలు గీతలు గీశాయి. మంద్రసీమకు దారి ఎక్కడుందని మీ పాత్ర ఎవరైనా అడిగితే, అటు పంపించండి.

మంద్రస్థాయి

మాస్టారూ, నిజం చెప్పాలంటే పేరు వినసొంపుగా ఉందని పెట్టుకున్నాను. ఇప్పుడు కారణం దొరికింది, వదలను.

గోదారిగట్టు గారు అడిగిన వరస కోసం ఇలా అనుకుంటున్నా: పరా, పశ్యంతి, మధ్యమ, వైఖరి అని వాక్కుకు నాలుగు దశలు చెబుతారు కదా. వాటిని నాలుగు ద్వారాలు చేసి, ఒక్కో ద్వారం దగ్గర ఒక్కో ఋషి...

గురులఘువు | ఛందస్సు విభాగం

వద్దండి. నాలుగు పాళ్ల వాక్కులో మూడు గుహలో దాగి ఉంటాయని, మనుషులు పలికేది నాలుగోదేనని ఋగ్వేదం మొదటి మండలంలోనే ఉంది. వ్యాకరణవేత్త భర్తృహరి మూడు దశలే లెక్కపెడితే, తర్వాత కాశ్మీర శైవులు పరను పైన నిలిపారు. అంత బరువైన సరుకును తెచ్చి నాలుగు గేట్లుగా పాతేస్తే తెలిసినవాళ్లకు పేలవంగా ఉంటుంది, తెలియనివాళ్లకు అర్థం కాదు. మీ లోకం మీది. దానికి దాని శాస్త్రమే పుట్టనివ్వండి.

పటంకథ | జనగామ దిక్కు

అన్నా, నేనొక మాట అడుగుత. చీకట్ల రాగిరేకులు ఎవరు చదువుతరు?

మంద్రస్థాయి

వేళ్లతో తడిమి చదువుతారని రాసుకున్నాను, బ్రెయిలీలాగా.

పటంకథ

తడిమి చదివితే అది చేతుల లోకమైతది, చప్పుళ్ల లోకం ఎట్లైతది?

మా దిక్కు కులపురాణాలు చెప్పేటోళ్లు ఉంటరు. మాదిగలకు జాంబపురాణం డక్కలోళ్లు చెప్తరు. పద్మశాలీలకు మార్కండేయ పురాణం కూనపులోళ్లు చెప్తరు. ఒక్కో కులానికి ఒక్కో పురాణం, దాన్ని చెప్పే హక్కు ఇంకో కులానికి ఉంటది. ఎవరిది వాళ్లు చెప్పుకోరు, అది గమనించు. ఏ ఊర్లు ఏ ఇంటోళ్లకు అనేది తాతల నాటి నుంచి పంచుకొని ఉంటది. ఇంకొకడు ఆ ఊర్ల అడుగుపెడితే పంచాయితీ అయితది. కొందరు చేర్యాల నకాషీలు, అంటే ఆ ఊరి బొమ్మలు గీసేటోళ్లు, గీసిన పటం పరుస్తరు. బట్టకు గంజి, సుద్ద, చింతగింజల అంబలి పట్టించి, ఎర్ర రంగు నేల మీద బొమ్మలు గీస్తరు. పటం మూరలకు మూరలు ఉంటది. రాత్రంత కథ చెప్తుంటే, చెప్పిన కాడికి పటం విప్పుతరు. కానీ పటం పురాణం కాదు. చెప్పేటోడి నోట్ల ఉన్నదే పురాణం. పటం పాతగైతే పూజ చేసి నీళ్లల్ల విడిచి కొత్తది గీయించుకుంటరు. పురాణం మాత్రం నోట్లనే ఉంటది, అది పాతగాదు.

నీ గ్రంథంల ఏడు లోకాలున్నయి, ఏడు సముద్రాలున్నయి. చెప్పేటోడు లేడు. ఆనికి బియ్యం పెట్టేటోళ్లు లేరు. ఆడు ఏ ఊరికి రావాల్నో, రాకపోతే ఏమైతదో లేదు. అవి లేకుంటే అది పవిత్రం ఎట్లైతది?

చుక్కలరాత్రి

ఈ పోస్టు తర్వాత రాగిరేకులకు సెలవు ఇచ్చెయ్యొచ్చు.

పనసచెక్క | బొబ్బిలి వైపు

ఇప్పుడే చూశాను ఈ చర్చ. మా ఇంట్లో తరాలుగా వీణలు చేస్తాం, కాబట్టి చెవి ఇటు పడింది.

పటంకథ గారు చెప్పిందానికి నా వైపు నుంచి ఒకటి. మా దగ్గర ఒకే పనస దుంగలోంచి కుండ, దండి మొత్తం చెక్కుతారు, అతుకుండదు. ఏకాండి వీణ అంటాం. చెక్కడమంతా ఒక ఎత్తు, మేళం కట్టడం ఒక ఎత్తు. దండి మీద మైనంలో బొగ్గుపొడి కలిపి కట్టలు పోసి, వాటి మీద ఇరవైనాలుగు మెట్లు నిలబెట్టాలి. ఏ మెట్టు ఎక్కడ కూర్చోవాలో స్కేలు పెట్టి కొలిస్తే కుదరదు. తీగ మీటుతూ, వింటూ, వెంట్రుకవాసి అటూ ఇటూ జరుపుతూ నొక్కాలి. ఎండాకాలం మైనం మెత్తబడితే మెట్టు కదిలిపోతుంది, మళ్లీ కట్టాలి. అసలు ముందు దుంగ కొనేటప్పుడే పెద్దవాళ్లు వేలి కణుపుతో తట్టి చెవి ఆనించి వింటారు. ఏం వింటారో అడిగితే చెప్పరు. చెప్పడం చేతకాదనుకుంటా.

మీ కథకు పనికొచ్చేది ఇది. రెండు వీణలు ఒకే శ్రుతిలో పెట్టి పక్కపక్కన ఉంచండి. రెండోదాని తీగ మీద చిన్న కాగితం ముక్క మడిచి వేలాడదియ్యండి. మొదటి వీణలో అదే తీగ మీటితే, ఎవరూ ముట్టుకోని రెండో తీగ కదులుతుంది, కాగితం ఎగిరి పడుతుంది. చిన్నప్పుడు మాకు పెద్దవాళ్లు చూపించిన మొదటి మేజిక్కు ఇదే. మంద్రసీమలో ఒక వీణ ఉందనుకోండి. దానికి అనుమంద్రం తీగ ఒక్కటే ఉంది, అన్నిటికన్నా కింది స్థాయిది. అక్కడ దాన్ని ఎవరూ వాయించరు. ఇక్కడ ఏదైనా శాశ్వతంగా ఆగిపోయినప్పుడు అక్కడ అది దానంతటదే కదులుతుంది. అక్కడి కథకుడు అది విని కథలో ఒక పాదం కలుపుతాడు.

మంద్రస్థాయి

పనసచెక్క గారూ, ఇది తీసుకోవచ్చా? మీ పేరు ముందుమాటలో వేస్తాను.

పనసచెక్క

తీసుకోండి. పేరు వద్దు, వీణ కొనండి :)

హెర్ట్జ్_మాస్టారు

అనునాదం అంటాం దాన్ని. పిల్లలకు శ్రుతిదండాలతో (ట్యూనింగ్ ఫోర్కులతో) చూపిస్తాం, కాగితం ముక్కతో అయితే ఇంకా బాగుంటుంది.

మైనం, బొగ్గుపొడి అన్నారు కదా, ఒకటి గుర్తొచ్చింది. పారిస్‌లో ఎదువార్-లెయోన్ స్కాట్ అని అచ్చు పనిచేసే ఆయన ఉండేవాడు. 1857లో ఒక యంత్రం చేశాడు. మసి పట్టించిన కాగితం మీద గొంతు కంపనాలు గీతలుగా పడతాయి. ఎడిసన్ కంటే 20 ఏళ్లు ముందు. అయితే తిరిగి వినిపించే ఏర్పాటు అందులో లేదు. ఆయనకు ఆ ఉద్దేశమే లేదు, కంటితో చదువుకుంటారనుకున్నాడు. 1860లో ఆయన అలా గీయించిన ఒక పాట ముక్కను 2008లో కంప్యూటర్‌తో వినిపించారు. 148 ఏళ్లు మూగగా పడి ఉన్న గొంతు. మొదట విన్నవాళ్లు ఎవరో ఆడపిల్ల పాడుతోందనుకున్నారు. తర్వాత చూస్తే వేగం లెక్క తేడా. సగానికి తగ్గించి వింటే మగ గొంతు, బహుశా ఆయనదే.

అంటే మీ లోకంలోకి కొత్తగా చేరిన గొంతును అక్కడివాళ్లు వేరే మనిషిదనుకుని ఏళ్ల తరబడి పలకరిస్తూ ఉండొచ్చు. కథ కదా, వాడుకోండి.

పాతకాగితం | గ్రంథాలయం పనివారు

ఇంతమంది ఉత్సాహంగా ఉన్న చోట నీళ్లు చల్లుతున్నాననుకోకండి. పాత గ్రాంథిక భాషలో, పురాణం ధోరణిలో మీరు రాసిన ముక్క బయట తిరిగితే ఏమవుతుందో ఆలోచించారా?

వైమానిక శాస్త్రం ఉదాహరణ ఉంది. భరద్వాజ మహర్షి గ్రంథమని చెప్పుకునే ఆ పుస్తకాన్ని పండిత సుబ్బరాయ శాస్త్రి 1918 నుంచి 1923 మధ్యలో చెప్పి రాయించారు. 1974లో బెంగళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్ పరిశోధకులు పరిశీలించి, అది 1904 కంటే ముందుది అయ్యే వీల్లేదని, అందులోని విమానాలు ఎగరవని తేల్చారు. తేల్చి ఇన్నేళ్లయింది. ఇప్పటికీ ఏటా ఎవరో ఒకరు దాన్ని వేల ఏళ్ల నాటిదని నాకు చూపిస్తూనే ఉంటారు. కల్పించినవాడి చేతిలోంచి దాటాక గ్రంథం ఎవరి మాటా వినదు.

మంద్రస్థాయి

నవలకు అట్ట మీద "కల్పితం" అని ఉంటుంది కదండీ.

పాతకాగితం

ఫార్వర్డ్‌కు అట్ట ఉండదు.

డల్లాస్_తెలుగోడు

పాతకాగితం గారి నోట్లో చక్కెర పొయ్యాలో ఏం చెయ్యాలో తెలీదు. నిన్న రాత్రి మా ఫ్యామిలీ గ్రూపులో "ఆదియందు నిశ్శబ్దము మాత్రమే యుండెను" వచ్చింది. కింద "5,000 ఏళ్ల నాటి తాళపత్రం, బిగ్ బ్యాంగ్ గురించి మనవాళ్లు ముందే చెప్పారు" అని ఉంది. మా పెదనాన్న రెండు చేతులు జోడించిన బొమ్మ పెట్టారు. ఇది ఇక్కడ ఒకాయన మొన్ననే రాసిందని చెప్తే, "నీకు అమెరికా వెళ్లాక నమ్మకం పోయింది" అన్నారు.

మోడరేటర్

ఇక్కణ్నుంచి కాపీ చేసిన వారెవరో తెలియదు. దయచేసి రచయిత అనుమతి లేకుండా బయట వెయ్యకండి. ఈ చర్చకు "కల్పితం" ట్యాగ్ పెట్టాను. పెదనాన్నల నమ్మకాల గురించి చర్చ వద్దు, అది వేరే చోటికి పోతుంది.

మంద్రస్థాయి

నవ్వాలో ఏడవాలో తెలియట్లేదు. ఒక రకంగా నేను మొదట అడిగిన ప్రశ్నకు జవాబు వచ్చేసింది, పవిత్ర గ్రంథంలానే ఉందట.

చుక్కలరాత్రి

ఆ మాట మీద ఆగిపోకండి. ఎవరు రాశారో, ఎప్పుడు రాశారో పట్టనంత జనరల్‌గా ఉంది కాబట్టే ఎక్కడైనా అతుక్కుంది. దానికి విరుగుడు కూడా అక్కడే ఉంది. మంద్రసీమకు చేరే చప్పుళ్ల జాబితా ఒకటి గ్రంథంలో పెట్టండి, మన ఇళ్లలో నిజంగా ఆగిపోయినవి. రోట్లో రోకలి పోట్లు. పోస్ట్‌మాన్ సైకిలు బెల్లు. టైపు ఇన్‌స్టిట్యూట్ పక్కన నడుస్తుంటే వచ్చే టకటక. ట్రంక్ కాల్ గంట. తెల్లారకముందు రేడియో పెట్టగానే వచ్చే ఆకాశవాణి ట్యూన్. ఎడ్ల మెడలో మువ్వలు. ప్రెషర్ కుక్కర్ మూడో ఈల. ఆ జాబితా ఉన్న గ్రంథాన్ని ఎవరూ 5,000 ఏళ్లనాటిదనలేరు.

పాతకాగితం

ఇది బాగుంది. ట్యాగులూ హెచ్చరికలూ కత్తిరించొచ్చు. ప్రతి పాదంలో కుక్కర్ ఉంటే కత్తిరించలేరు.

గోదారిగట్టు

కుక్కర్ ఈల ఇంకా ఆగిపోలేదండీ, మా ఇంట్లో ఇప్పుడే వచ్చింది.

చుక్కలరాత్రి

మూడోది లెక్కపెట్టే మనిషి పోతే ఆగినట్టే.

మంద్రస్థాయి

(ఇది దాచుకుంటున్నాను.)

రాగిరేకులు తీసేశాను. ఇప్పుడు గ్రంథం నోటి మీదే ఉంటుంది. మరి రాయకుండా తప్పుల్లేకుండా ఎలా నిలబడుతుంది? పాఠకుడు అడుగుతాడు కదా.

గురులఘువు

దానికి మన దగ్గర లోకంలోనే గట్టి ఉదాహరణ ఉంది, వేదపాఠం. జట అనే పద్ధతిలో మాటల్ని ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు అని తిప్పుతారు. ఘనలో ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు మూడు, మూడు రెండు ఒకటి, ఒకటి రెండు మూడు. ముందుకీ వెనక్కీ అన్నిసార్లు వస్తుంటే ఒక్క మాట జారినా వెంటనే దొరికిపోతుంది. అది పూర్తి చేసినవారినే ఘనపాఠి అంటాం. ఇందులో అర్థానికి పనే లేదు చూడండి, వెనక్కి చదివితే అర్థం ఎక్కడుంటుంది? కాపాడేది చప్పుడినే.

స్వరం తప్పితే ఏమవుతుందో కూడా కథ ఉంది. కొడుకును చంపాడని ఇంద్రుడి మీద పగబట్టి త్వష్ట హోమం చేస్తాడు, ఇంద్రుణ్ని చంపేవాడు పుట్టాలని. మంత్రంలో స్వరం ఒకచోట పక్కకు పడింది. పుట్టిన వృత్రుడు ఇంద్రుణ్ని చంపలేదు, ఇంద్రుడి చేతిలో చచ్చాడు. మీ లోకంలో ఇంతకంటే పెద్ద ప్రమాదం ఉండాలి. కథకుడి గొంతు ఒక చోట వణికితే, ఎవరి చప్పుడో పూర్తిగా చెరిగిపోవాలి.

పటంకథ

ఘనపాఠం మంచిదే గని, నీ కథకుడు అయ్యవారు కాదు కద. జనం ముందట రాత్రంత చెప్పేటోడు. వాడికి పాట కావాలె.

గురులఘువు

అయితే ద్విపద. పాల్కురికి సోమనాథుడు బసవపురాణాన్ని ద్విపదలో చెప్పడానికి కారణం అదే, జనం పాడుకోవాలి. మూడు ఇంద్రగణాలు, చివర ఒక సూర్యగణం. మూడో గణం మొదటి అక్షరానికి యతి, అంటే అది పాదం మొదటి అక్షరంతో కలవాలి. రెండు పాదాలకూ ప్రాస, అంటే రెండో అక్షరం కలవాలి. అంతే, ఎవరికైనా వస్తుంది.

మంద్రస్థాయి

రాత్రి కూర్చుని ప్రయత్నించాను:

మోతకు మొదలంటు లేనే లేదయ్య

గురులఘువు

మోతకు, భగణం. మొదలంటు, సలం. ఇక్కడిదాకా బండి సాఫీగా నడిచింది. లేనేలే, మూడు గురువులు, మగణం. ద్విపదలో దానికి చోటు లేదు. యతి కూడా పోయింది, మో దగ్గర మొదలై లే దగ్గర దిగారు. "మొదలు" అనే మాట చేతిలోనే పెట్టుకుని రెండో గణంలో పారేశారు. దాన్ని మూడో గణానికి జరపండి.

మంద్రస్థాయి

మోత పుట్టిన చోట మొదలు లేదయ్య
రాతకెక్కని మాట రాలదేనాడు

చెవియె దీపము సుమ్మ చీకటిలోన
కవిలె లేనట్టి యా కాణాచి మాకు

గురులఘువు

గణాలు సరిపోయాయి. యతులు సరిపోయాయి. రాత, రాలదు బాగా పడ్డాయి. నాకు రెండోది ఎక్కువ నచ్చింది, కవిలె (లెక్కల పుస్తకం), కాణాచి (తరతరాల హక్కు) ఒకే పాదంలోకి రావడం.

పటంకథ

కాణాచి అన్నవు, ఇప్పుడు నీ కథకుడికి హక్కు వచ్చింది. ఇంక కొట్లాట పెట్టు. ఇద్దరు అన్నదమ్ములు, ఒక్క ఊరు, ఆ ఊర్ల చప్పుళ్లు ఎవరు చెప్పాలె? పెద్దోడు పెండ్లి చప్పుళ్లు తీసుకుంటడు, చిన్నోనికి చావు చప్పుళ్లు మిగులుతయి. మంద్రసీమకు వచ్చేటివి అన్ని ఆగినవే కద, అంటే చిన్నోనికే పని ఎక్కువ. నీ నవల ఆడ మొదలుపెట్టు, సృష్టి కాడ కాదు.

చుక్కలరాత్రి

పటంకథ గారూ, మీరే నవల రాయొచ్చు కదా.

పటంకథ

రాస్తే రాలిపోతదని ఇప్పుడే ఆయన పద్యం చెప్పిండు.

గోదారిగట్టు

ఒకటి మర్చిపోతున్నారు, ఫలశ్రుతి. ఏ మాహాత్మ్యమైనా చివర విన్నవారికి పుత్రపౌత్రాభివృద్ధి, చదివినవారికి సకల పాపక్షయం అని ఉండాలి. మంద్రసీమ వింటే ఏం వస్తుంది?

డల్లాస్_తెలుగోడు

పక్కింటి డీజే ఆగుతుంది.

హెర్ట్జ్_మాస్టారు

ఆగి మంద్రసీమకు వెళ్తుంది. అక్కడివాళ్లు ఏం పాపం చేశారండీ? అందులో బాస్ ఎక్కువ, చెక్కుచెదరకుండా చేరుతుంది.

మంద్రస్థాయి

అక్కడివాళ్లకు నరకం ఎలా ఉంటుందో తెలిసిపోయింది.

ఫలశ్రుతి మీద చాలాసేపు ఆలోచించాను. మోక్షం, సంపద ఏదీ అతకలేదు. పటంకథ గారు మొదట అడిగిన బియ్యం గుర్తొచ్చి ఇలా రాశాను:

విన్నవారికి మేలు వినిపింప కూడు
అన్నమాటకు సాక్షి యనుమంద్ర తీగ

పనసచెక్క

రెండో పాదం మా ఇంట్లో చదివి వినిపించాను. నాన్న ఏమీ అనలేదు. పనిలో ఉన్న దండిని ఒకసారి తట్టి మళ్లీ పనిలో పడ్డారు. ఆయన మెచ్చుకుంటే అంతే.

గురులఘువు

ఛందస్సు విభాగంలో ఉన్నందుకు చెప్పక తప్పదు. కూడు తర్వాత అచ్చుతో పాదం మొదలుపెట్టారు. పాతవాళ్లయితే అక్కడ సంధి చేసేవాళ్లు.

పాతకాగితం

చెయ్యనక్కర్లేదు. అది ఈ మధ్య రాసిందేనని తెలియడానికి ఇంకో ఆనవాలు ఉంటుంది.

పటంకథ

పద్యాలు మంచిగున్నయి. మా మేనమామ ఇప్పటికీ కథ చెప్తడు, ఆయనతోటి పాడించి ఆడియో పెడ్త. కానీ ఒక్కడే పాడితే కథ నిలవదు. పాదం పాడంగనే వెనుక వంత అందుకోవాలె, చెప్పేటోడు ఊపిరి తీసుకునేదే ఆ సందుల. నీ మంద్రసీమల వంత ఎవరు? ముందు అది తేల్చు.

మంద్రస్థాయి

చిన్నతమ్ముడు కథకుడైతే, పెద్దవాడు వంత కావాలి. మాట్లాడుకోని అన్నదమ్ములు, కథ చెప్పేటప్పుడు మాత్రం ఒకరి పాదం ఒకరు అందుకుంటారు. ఇలా రాయనా?

పటంకథ

రాయి. ఆడియోకు కూడా ఒకరు కావాలె. మామ వంతగాడు వేరే ఊరికి పోయిండు. ఈ చర్చల ఎవరన్న ఉన్నరా?

హెర్ట్జ్_మాస్టారు

చుక్కలరాత్రి గారు.

చుక్కలరాత్రి

నాకు శ్రుతి లేదు మాస్టారూ. తందాన అనడం వరకైతే వస్తాను.